కోత

కేకు మీద క్లాప్ బోర్డు బొమ్మ గీయించారు.
ముప్పైతొమ్మిదేళ్లలో నేను ఒక్కసారీ ముట్టుకోని వస్తువది.
"నువ్వే కొయ్యి విల్మా, నీకు తెలిసిన పనేగా"
అని కత్తి చేతిలో పెట్టారు.
అందరూ నవ్వారు, నేనూ నవ్వాను.
కిటికీ లేని ఈ గదిలోకి
ఇంతమంది ఒకేసారి రావడం ఇదే మొదలు.

సెయింట్ జాన్స్‌లో వాన పడుతోందో వెలిసిందో
కెమెరా గస్ బూట్లు చూసి తెలుసుకునేదాన్ని.
ఊళ్లో అందరి గొంతులూ నాకు తెలుసు.
వంతెన తెగిన రాత్రి మేయరు ఎన్నిసార్లు గుటక వేశాడో,
వార్తలు చదివే అమ్మాయికి 'ఫిబ్రవరి' ఎక్కడ తడబడుతుందో.
నన్ను మాత్రం కూరగాయల కొట్లో కూడా
ఎవరూ గుర్తుపట్టరు.
బాగా కుదిరిన అతుకు ఎవరికీ కనబడదు మరి.

పని నేర్పింది ముసలి పియర్సీ.
"ఊపిరి పీల్చాక కొయ్యకు, పీల్చకముందే కొయ్యి.
లేదంటే చూసేవాడు
ఆ ఊపిరి ఎటుపోయిందా అని
రాత్రంతా వెతుక్కుంటాడు" అనేవాడు.
ఫిల్మ్ పోయింది, టేపు వచ్చింది, అదీ పోయింది.
మాట మాత్రం పోలేదు.

పడవ తిరిగి రాని నాలుగో రోజు
మెర్సీ టిజార్డ్ వంటింట్లో గస్ తీసుకొచ్చిన బొమ్మ.
రిపోర్టరు ఏదో అడిగాడు.
ఆమె లేచింది, కూతపెడుతున్న కెటిల్ దించింది,
రెండు కప్పులు తీసింది,
ఒకటి తిరిగి లోపల పెట్టేసింది.
"ఇందులో ఏముంది, తీసెయ్" అన్నాడు ప్రొడ్యూసరు.
పంతొమ్మిది సెకన్ల కోసం అరగంట పోట్లాడాను.
కడుపుకోత ముందు నా కోత ఎంత.
ఆ పంతొమ్మిదీ అలాగే వెళ్లాయి.
తర్వాతెప్పుడో ఆమె గస్ చెయ్యి పట్టుకుని
చాలాసేపు వదల్లేదట.

ఇది చెప్పి ఆపేస్తే బాగుండేది.

పిన్సెంట్ కోవ్‌లో చేపల ఫ్యాక్టరీ మూసిన ఏడాది,
మేనేజరు డూలీ, టోపీ చేతిలో పట్టుకుని,
"వసంతానికి మళ్లీ తెరుస్తాం" అన్నాడు.
కాసేపు నేలకేసి చూసి
"బహుశా" అన్నాడు.
కథ తొంభై సెకన్లే ఉండాలి.
అర సెకను ఎక్కువైంది.
ఆరు కొట్టడానికి నాలుగు నిమిషాలుంది.
పదిహేను ఫ్రేములు.
నా చూపుడువేలికి ఆ మీట ఇంకా గుర్తే.

ఆల్బర్టాకని సర్దుకున్న పెట్టెలు
ఆ రాత్రి రెండిళ్లలో మళ్లీ విప్పారు.
ఒకతను అప్పు చేసి ట్రక్కు కొన్నాడు.
వసంతం వచ్చింది, గేటుకు గొలుసు అలాగే ఉంది.
డూలీ కిటికీ మీద రాళ్లు పడ్డాయి.
"నేను బహుశా అన్నాను" అని అతను
ఇల్లిల్లూ తిరిగాడు.
"టీవీలో మేం చూశాం కదయ్యా" అన్నారు.
ఆ బొమ్మ కూడా మేమే వేశాం.
కాబట్టి నేనే కోశాను.

ఇవాళ మధ్యాహ్నం నేలమాళిగలోకి దిగి
ఆ టేపు కోసం వెతికాను.
దాని మీద ఎప్పుడో హాకీ ఆట ఎక్కించేశారట.
ఇక ఆ మాట
నా చెవిలో తప్ప ఎక్కడా లేదు.
డూలీ బతికి ఉంటే, అతని నోట్లో.

మిగిలిన కేకు అట్టపెట్టెలో పెట్టి ఇచ్చారు.
బోర్డు బొమ్మలో సగం, నా పేరులో మొదటి అక్షరం.
పొగమంచులో బస్సు ఆగింది.
దిగుతుంటే డ్రైవరు అడిగాడు,
"రేపూ ఇదే బస్సా అమ్మా?"
నేను జవాబు చెప్పాను.
చివరిదాకా విన్నాడో లేదో,
తలుపు మూసుకుంది.